బెర్లిన్ గోడ దారిన గైడ్‌తో నడవాలంటే: ముందు రోజు రాత్రి నుంచి చివరి వంతెన దాకా

బెర్లిన్ చూడటానికి వచ్చే మనవాళ్ళు చాలామంది నేరుగా ఒకప్పటి సరిహద్దు తనిఖీ చోటైన చెక్‌పాయింట్ చార్లీకి వెళ్ళి, రోడ్డు మధ్యలో ఉన్న ఆ చిన్న తెల్ల గది ముందు ఫోటో దిగి, అటూ ఇటూ చూసి "ఇంతకీ గోడ ఏదీ?" అంటారు. అలా అడగడంలో తప్పేం లేదు. 28 ఏళ్ళు ఊరిని రెండుగా చీల్చిన గోడని 1989 నవంబర్ తర్వాత జనం సుత్తులతోనూ ప్రభుత్వం క్రేన్లతోనూ దాదాపు మొత్తం తీసేశారు. ఇప్పుడు మిగిలింది అక్కడక్కడా ముక్కలు, నేల మీద రెండు వరసల రాళ్ళతో వేసిన గీత, కొన్ని ఖాళీ స్థలాలు. ఖాళీ స్థలంలో ఏముండేదో మనకి మనంగా కనపడదు, పక్కన చెప్పేవాళ్ళు ఉండాలి, కాళ్ళతో నడవాలి. బస్సు పై అంతస్తులో కూర్చుని ఊరంతా చుట్టి వచ్చినా ఆ సంగతి తెలియదు.

నేను ఇక్కడ కొన్నేళ్ళుగా ఉంటున్నాను. ఊరి నుంచి ఎవరొచ్చినా, అమ్మానాన్నలైనా ఎమ్మెస్‌కి వచ్చిన పిల్లలైనా, ఈ నడకకి తీసుకెళ్తాను. మొదట్లో అన్నీ తప్పుగానే చేశాను: ఒకే రోజులో పది చోట్లు పెట్టుకోవడం, పెద్దవాళ్ళని కాళ్ళు పీక్కుపోయేలా తిప్పడం, నలభై మంది ఉన్న గుంపులో చివరన నిలబడి ఏమీ వినపడక తిరిగి రావడం. ఇప్పుడు చేసే పద్ధతి చెప్తాను.

ముందు రోజు రాత్రి: కాగితం మీద బొమ్మ గీయండి

గైడ్ మాట్లాడేది వేగంగా ఉంటుంది, రెండు గంటల్లో నలభై ఏళ్ళ చరిత్ర చెప్పాలి కదా. మూలం తెలియకపోతే సగం పైనుంచి పోతుంది. అందుకని ముందు రోజు ఒక కాగితం తీసుకుని జర్మనీ బొమ్మ ఉజ్జాయింపుగా గీయండి. నిలువుగా గీత గీసి పశ్చిమం, తూర్పు అని రాయండి. ఇప్పుడు తూర్పు జర్మనీ నడుమ, గీతకి బాగా దూరంగా, ఒక చుక్క పెట్టండి. అది బెర్లిన్. ఆ చుక్కని మళ్ళీ రెండు చేయండి.

ఇక్కడే అందరూ పొరబడతారు. మా నాన్న కూడా గోడ అంటే రెండు దేశాల మధ్య సరిహద్దు పొడవునా కట్టింది అనుకునేవారు. ఆ సరిహద్దులో కంచె వేరే ఉండేది. బెర్లిన్ గోడ అనేది పశ్చిమ బెర్లిన్ చుట్టూ కట్టింది. అంటే తూర్పు జర్మనీ మధ్యలో పశ్చిమ బెర్లిన్ ఒక లంకలా ఉండేది, ఆ లంక చుట్టూ గోడ. మొత్తం పొడవు దాదాపు 155 కిలోమీటర్లు, అందులో ఊరి మధ్యగా తూర్పు పడమరల్ని విడదీసింది 43 కిలోమీటర్లు. మరి గోడ లోపల ఉన్నవాళ్ళు స్వేచ్ఛగా తిరిగారు, గోడ బయట ఉన్నవాళ్ళు బందీలయ్యారు. బొమ్మ గీస్తే తప్ప ఈ తిరకాసు బుర్రకెక్కదు.

బొమ్మ పక్కనే ఐదు తేదీలు రాసుకోండి. 1945లో యుద్ధం అయిపోయాక అమెరికా, బ్రిటన్, ఫ్రాన్స్, సోవియట్ యూనియన్ ఊరిని నాలుగు సెక్టార్లుగా పంచుకున్నాయి. 1949లో రెండు జర్మనీలు ఏర్పడ్డాయి. అప్పటి నుంచి 1961 దాకా తూర్పు వైపు నుంచి సుమారు 27 లక్షల మంది వెళ్ళిపోయారు, అందులో డాక్టర్లు, ఇంజనీర్లు, చదువుకున్న కుర్రాళ్ళు ఎక్కువ. బెర్లిన్‌లో మెట్రో ఎక్కితే చాలు, అవతల దిగొచ్చు కాబట్టి ఆ దారి మూయడానికి 1961 ఆగస్టు 12 రాత్రి, తెల్లవారితే ఆదివారం అనగా, ముళ్ళతీగ లాగారు. 1989 నవంబర్ 9 రాత్రి దారులు తెరుచుకున్నాయి, 1990 అక్టోబర్ 3న రెండు దేశాలూ ఒకటయ్యాయి. ఇంతవరకు చాలు, మిగతాది గైడ్‌కి వదిలేయండి.

ఇంకో చిన్న పని. నాలుగు జర్మన్ మాటలు చెవిన పడేలా చూసుకోండి, ఎందుకంటే ఇంగ్లీషులో చెప్పే గైడ్లు కూడా వాటిని అలాగే వాడతారు. మావర్ అంటే గోడ. గ్రెంట్సె అంటే సరిహద్దు. గైస్టర్‌బాన్‌హోఫ్ అంటే దెయ్యాల స్టేషన్. ష్టాజీ అంటే తూర్పు జర్మనీ రహస్య పోలీసులు.

ఏ టూర్ తీసుకోవాలి

ఊళ్ళో టూర్లు లెక్కలేనన్ని. బ్రాండెన్‌బుర్గ్ గేట్ దగ్గర రంగు గొడుగులు పట్టుకుని నిలబడే ఫ్రీ టూర్లు ఉన్నాయి, ఊరంతా మూడు గంటల్లో చూపించేవి ఉన్నాయి, గోడ గురించి మాత్రమే చెప్పేవి ఉన్నాయి, సైకిల్ మీదవి ఉన్నాయి, భూమి లోపలికి దించి సొరంగాల కథ చెప్పేవి ఉన్నాయి. మీకు ఉన్నది ఒక్క రోజైతే నా సలహా ఒకటే: గోడ గురించి మాత్రమే చెప్పే టూర్, అదీ బెర్నవర్ స్ట్రాసె అనే వీధిలో నడిపించేది తీసుకోండి. ఊరంతా చూపించే టూర్‌లో హిట్లర్ బంకర్ నుంచి చాక్లెట్ షాపు దాకా అన్నీ ఉంటాయి కానీ గోడకి దక్కేది పావుగంట.

బుక్ చేసే ముందు నాలుగు విషయాలు అడిగి తెలుసుకోండి. గుంపులో ఎంతమంది ఉంటారు? పదిహేను దాటితే నేను వెళ్ళను. ఎక్కడ మొదలై ఎక్కడ ముగుస్తుంది? మొదలైన చోటే ముగియదు, అది తెలియక వెనక్కి ఎలా వెళ్ళాలో అని టెన్షన్ పడతారు. మధ్యలో రైలో ట్రామో ఎక్కాలా, అయితే టికెట్ మనమే కొనాలా? వర్షం వస్తే ఏం చేస్తారు? ఇక్కడివాళ్ళు చాలావరకు వర్షంలో కూడా నడిపిస్తారు, కాబట్టి గొడుగు మీరే తెచ్చుకోవాలి.

ఫ్రీ టూర్ల గురించి ఒక మాట. ఫ్రీ అన్నారు కదా అని ఊరికే వినేసి చివర్లో మెల్లగా జారుకునేవాళ్ళని చూశాను, నాకు చాలా బాధగా ఉంటుంది. అలాంటి చోట్ల గైడ్‌కి చేతికి వచ్చేది మీరిచ్చే డబ్బే. రెండున్నర గంటలు గొంతు చించుకుని చెప్పిన మనిషికి తలా పది యూరోలైనా ఇవ్వండి, బాగా చెప్తే పదిహేను. దానికంటే, ముందుగానే డబ్బు కట్టే చిన్న గుంపు టూర్ తీసుకోవడం నయం, గైడ్‌కీ గౌరవం, మీకూ ప్రశ్న అడిగే వీలు. బెర్నవర్ స్ట్రాసెలో ఉన్న గోడ స్మారకం వాళ్ళు కూడా సొంతంగా టూర్లు నడుపుతారు, ఇంగ్లీషులో ఏ రోజు ఉందో వాళ్ళ సైట్‌లో చూసుకోవచ్చు. నేను వెళ్ళినవాటిలో అన్నిటికంటే నిదానంగా చెప్పింది వాళ్ళే.

సొరంగాల టూర్ గొప్పగా ఉంటుంది కానీ మెట్లు చాలా దిగి ఎక్కాలి, లోపల చలిగా ఉంటుంది. మోకాళ్ళ నొప్పులున్న పెద్దవాళ్ళని దింపకండి.

ఏ నెల, ఏ వారం, ఏ వేళ

మే నుంచి సెప్టెంబర్ మధ్య మంచిది. జూన్‌లో రాత్రి తొమ్మిదిన్నర దాకా వెలుతురు ఉంటుంది, డిసెంబర్‌లో నాలుగింటికే చీకటి. చలికాలంలో వస్తే పొద్దున పది గంటల టూర్ తప్ప వేరేది వద్దు. సోమవారం మానేయండి. బయట ఉన్న స్మారకం ఎప్పుడైనా చూడొచ్చు కానీ లోపలి ప్రదర్శనలు, సమాచార కేంద్రం సోమవారం మూసి ఉంటాయి. ఆగస్టు 13న, నవంబర్ 9న బెర్నవర్ స్ట్రాసెలో స్మరణ కార్యక్రమాలు జరుగుతాయి, ఆ రోజు టూర్ కంటే ఊరికే వెళ్ళి ఒక పక్కన నిలబడటం మంచిది. గోడ దగ్గర చనిపోయినవాళ్ళ ఇంటివాళ్ళు కూడా వస్తారు.

కాళ్ళకి బూట్లు, చెప్పులు కాదు. రాళ్ళు పరిచిన బాటల మీద రెండు గంటలు నడిస్తే చెప్పులు కాళ్ళని కోసేస్తాయి. మంచినీళ్ళ సీసా పెట్టుకోండి, ఇక్కడ కుళాయి నీళ్ళు తాగొచ్చు. చిల్లర యూరోలు కొన్ని జేబులో ఉండాలి, కొన్ని పబ్లిక్ టాయిలెట్లు డబ్బు తీసుకుంటాయి. టూర్ మొదలవక ముందే ఒకసారి వెళ్ళొచ్చేయండి, మధ్యలో గుంపుని ఆపడం మొహమాటంగా ఉంటుంది. ఆదివారం షాపులు మూసి ఉంటాయి కాబట్టి తినడానికి ఏదైనా వెంట ఉండాలి. మేం డబ్బాలో పులిహోర తీసుకెళ్తాం. టూర్ అయ్యాక పార్కులో కూర్చుని తింటే, విన్నదంతా మాట్లాడుకోవడానికి అదే సమయం.

టికెట్ విషయంలో ఒక జాగ్రత్త. ఊరిలో తిరగడానికి ఏ, బీ జోన్ల డే టికెట్ చాలు, ఎయిర్‌పోర్టు సీ జోన్‌లో ఉంది కాబట్టి అక్కడి నుంచి వచ్చేటప్పుడు మూడు జోన్లదీ కొనాలి. కాగితం టికెట్ కొంటే ప్లాట్‌ఫాం మీదుండే చిన్న పెట్టెలో పెట్టి ముద్ర వేయించాలి. గేట్లు ఉండవు, ఎవరూ ఆపరు, అందుకే కొత్తవాళ్ళు మర్చిపోతారు. మా తమ్ముడు టికెట్ కొని కూడా ముద్ర వేయలేదు, మామూలు బట్టల్లో వచ్చిన తనిఖీవాళ్ళు 60 యూరోలు కట్టించారు.

అరగంట ముందు వెళ్ళి నోర్డ్‌బాన్‌హోఫ్‌లో దిగండి

టూర్ బెర్నవర్ స్ట్రాసెలో మొదలైతే దగ్గరి స్టేషన్ నోర్డ్‌బాన్‌హోఫ్. పైకి పరుగెత్తకండి. మెట్ల దగ్గర గోడల మీద పెద్ద పెద్ద పాత ఫోటోలతో ఒక ప్రదర్శన ఉంది, టికెట్ అక్కర్లేదు. మీరు దిగిన ఈ స్టేషనే 29 ఏళ్ళు దెయ్యాల స్టేషన్.

సంగతేమిటంటే, కొన్ని రైలు మార్గాలు పశ్చిమ బెర్లిన్‌లో మొదలై, మధ్యలో తూర్పు బెర్లిన్ కిందుగా వెళ్ళి, మళ్ళీ పశ్చిమంలో తేలేవి. ఊరిని విడదీసినా రైళ్ళు ఆపలేదు. పశ్చిమ బెర్లిన్ డబ్బు కడితే తూర్పు ప్రభుత్వం తన నేల కిందుగా ఆ రైళ్ళని పోనిచ్చేది. కానీ తూర్పులోని స్టేషన్లలో ఆగకూడదు. పైన మెట్లు మూసేశారు. రైలు నెమ్మదించి, మసక దీపాల వెలుతురులో, తుపాకీ పట్టుకున్న కాపలావాళ్ళు నిలబడ్డ ఖాళీ ప్లాట్‌ఫాంల పక్కగా వెళ్ళిపోయేది. పైన వీధిలో నడిచే తూర్పువాళ్ళకి కాళ్ళ కింద రైలు చప్పుడు వినపడేది, ఎక్కే దారి మాత్రం లేదు. ఈ ప్రదర్శన చూశాక కిందికి వెళ్ళి ప్లాట్‌ఫాం మీద ఐదు నిమిషాలు నిలబడి, ఒక రైలు రావడం, తలుపులు తెరుచుకోవడం, జనం దిగడం చూడండి. చాలామంది ఇది వదిలేస్తారు, నాకైతే ఈ ఐదు నిమిషాలు ముఖ్యం.

బెర్నవర్ స్ట్రాసె: ఇక్కడ తొందరపడొద్దు

స్మారకం ఈ వీధి వెంట సుమారు 1.4 కిలోమీటర్లు ఉంటుంది. గోడ పోయిన చోట తుప్పు రంగు ఇనుప కడ్డీలు వరసగా నిలబెట్టారు. వాటి మధ్య సందుల్లోంచి అటూ ఇటూ నడవొచ్చు. ఒక పక్క నుంచి చూస్తే కడ్డీలన్నీ కలిసి గోడలా కనిపిస్తాయి, ఎదురుగా నిలబడితే విడిపోయి అవతలి గడ్డి కనిపిస్తుంది. గైడ్ చెప్పినా చెప్పకపోయినా ఒకసారి తల తిప్పి అలా చూడండి.

ఈ వీధి కథ మిగతా ఊరి కథ కంటే ఘోరం. వీధికి ఒక వైపు ఇళ్ళు తూర్పు బెర్లిన్‌వి, కానీ వాటి ముందున్న కాలిబాట పశ్చిమానిది, ఫ్రెంచి సెక్టార్. మన భాషలో చెప్పాలంటే ఇల్లు ఒక దేశం, అరుగు ఇంకో దేశం. ముళ్ళతీగ వేసిన తొలి రోజుల్లో ఇక్కడి జనం కిటికీలోంచి దిగితే చాలు, పశ్చిమంలో ఉన్నట్టే. దాంతో ముందు వీధి తలుపులు మూసేశారు, తర్వాత కింది కిటికీలకి ఇటుకలు పేర్చారు, తర్వాత పై అంతస్తులకి. జనం ఇంకా పైకి వెళ్ళి దూకేవారు. కింద పశ్చిమ బెర్లిన్ ఫైరువాళ్ళు గుడ్డలు చాపి పట్టుకునేవారు. 77 ఏళ్ళ ఒక ముసలావిడ కిటికీలోంచి వేలాడుతుంటే పైనుంచి తూర్పువాళ్ళు చేతులు పట్టుకుని లాగడం, కింద నుంచి పశ్చిమంవాళ్ళు కాళ్ళు పట్టుకుని లాగడం, ఆ ఫోటో మీకు అక్కడ కనిపిస్తుంది. ఆవిడ కిందికే చేరింది. ఇడా సీక్‌మన్ అనే ఆవిడ అంత అదృష్టవంతురాలు కాదు. 1961 ఆగస్టు 22న పొద్దున్నే పరుపులు కిందికి విసిరి, మూడో అంతస్తు నుంచి దూకి చనిపోయింది. మర్నాడు ఆవిడ 59వ పుట్టినరోజు. గోడ దగ్గర పోయిన మొదటి ప్రాణం ఆవిడదే.

నాన్నకి ఇది చెప్పినప్పుడు ఆయన అడిగిన ప్రశ్న, గైడ్ కూడా మెచ్చుకున్న ప్రశ్న: "మరి దూకనివాళ్ళు ఏమయ్యారు?" వాళ్ళందర్నీ ఆ సెప్టెంబర్‌లో ఖాళీ చేయించి వేరే చోట్లకి పంపేశారు. తర్వాత ఇళ్ళు పడగొట్టి, ముందు గోడ మాత్రం కొన్నేళ్ళు సరిహద్దుగా ఉంచి, చివరికి దాన్నీ తీసి కాంక్రీటు పలకలు పెట్టారు. 3.6 మీటర్ల ఎత్తు, 1.2 మీటర్ల వెడల్పు ఉండే ఆ పలకలే మనం ఫోటోల్లో చూసే గోడ. అది కూడా ఒక్క గోడ కాదు. పశ్చిమం వైపు ఒకటి, తూర్పు వైపు ఇంకొకటి, వాటి మధ్య కాపలా టవర్లు, దీపాలు, తీగలు, అడుగుపెడితే జాడ పడేలా చదును చేసిన ఇసుక. మృత్యు పట్టీ అనేది దాన్నే. స్మారకం వాళ్ళ డాక్యుమెంటేషన్ సెంటర్‌కి ఆనుకుని ఉన్న టవర్ ఎక్కితే రెండు గోడల మధ్య ఆ పట్టీని పైనుంచి చూడొచ్చు. ఈ ఒక్కటి చూడకపోతే గోడ ఎలా పనిచేసిందో అర్థం కాదు, కాబట్టి టూర్‌లో లేకపోతే అయ్యాక మీరే ఎక్కండి. ఉచితం.

చనిపోయినవాళ్ళ ఫోటోలు పెట్టిన గోడ దగ్గర గైడ్ కాసేపు మౌనంగా వదిలేస్తారు. బెర్లిన్ గోడ దగ్గర 1961 నుంచి 1989 దాకా కనీసం 140 మంది పోయారని పరిశోధకులు తేల్చారు. ఒక్కో ఫోటో ఒక్కో గూటిలో ఉంటుంది, చిన్నపిల్లలవి కూడా ఉన్నాయి. దయచేసి అక్కడ సెల్ఫీలు తీసుకోకండి. పేర్లు చదవండి. ఒక్క పేరైనా గుర్తుపెట్టుకోండి.

కొంచెం ముందుకెళ్తే మట్టితో కట్టిన గుండ్రటి ప్రార్థనాలయం. ఒకప్పుడు అక్కడ పెద్ద చర్చి ఉండేది, పేరు కూడా సయోధ్య చర్చి అనే అర్థం వచ్చేదే. సరిగ్గా మృత్యు పట్టీలో చిక్కుకుపోవడంతో ఎవరూ వెళ్ళలేక ఖాళీగా ఉండిపోయింది, 1985 జనవరిలో తూర్పు ప్రభుత్వం దాన్ని పేల్చేసింది. 2000లో అదే చోట, పాత చర్చి ఇటుకల ముక్కలు కలిపిన మట్టితో ఈ చిన్నది కట్టారు. చుట్టూ రై పంట వేస్తారు. మా అమ్మ అక్కడ వంగి గోడ మీద చెయ్యి పెట్టి చూసి "మన పాత ఇంటి మట్టి గోడలాగే ఉంది" అంది. లోపల కూర్చోవచ్చు, మాట్లాడకుండా.

గైడ్‌ని తప్పకుండా అడగాల్సిన కథ ఇంకొకటి ఉంది. 1964 అక్టోబర్‌లో ఈ వీధిలో మూతపడ్డ ఒక బేకరీ నేలమాళిగ నుంచి పశ్చిమ బెర్లిన్ విద్యార్థులు తూర్పు వైపు ఇంటి పెరట్లోకి దాదాపు 145 మీటర్ల సొరంగం తవ్వారు. రెండు రాత్రుల్లో 57 మంది బయటపడ్డారు, అందుకే దాని పేరు టనెల్ 57. రెండో రాత్రి కాల్పులు జరిగి ఎగోన్ షుల్ట్స్ అనే తూర్పు సైనికుడు చనిపోయాడు. తూర్పు ప్రభుత్వం అతన్ని హంతకులు చంపిన వీరుడని స్కూళ్ళకి పేరు పెట్టింది. దేశాలు కలిశాక కాగితాలు బయటికొస్తే, ప్రాణం తీసిన గుండు తోటి సైనికుడి తుపాకీదే అని తేలింది. ఆ సంగతి ష్టాజీకి ముందే తెలుసు. ఈ కథని ఏ గైడ్ ఎలా చెప్తారో వినడం నాకు ఇష్టం, ఎందుకంటే ఇందులో పారిపోయినవాళ్ళూ ఉన్నారు, తవ్వినవాళ్ళూ ఉన్నారు, చనిపోయిన 21 ఏళ్ళ కుర్రాడూ ఉన్నాడు.

గైడ్‌తో ఎలా ఉండాలి

మొదట్లోనే వెళ్ళి పరిచయం చేసుకోండి. వెంట ఇంగ్లీషు అంతగా రాని పెద్దవాళ్ళు ఉంటే ముందే చెప్పండి: "నేను వీళ్ళకి మధ్యమధ్యలో తెలుగులో చెప్తుంటాను" అని. చెప్తే ప్రతి చోటా కాస్త ఆగుతారు. గైడ్‌కి పక్కగా, అర్ధచంద్రాకారం చివరన నిలబడితే మెల్లగా చెప్పొచ్చు. ప్రతి వాక్యం అనువదించబోకండి, ఒక్కో చోటికి రెండు మాటలు చాలు, మిగతాది ఇంటికొచ్చి చెప్పుకోవచ్చు.

ఏం అడగాలి? తారీఖులు అడగొద్దు, అవి ఫోన్‌లో దొరుకుతాయి. గైడ్ కాస్త పెద్ద వయసువాళ్ళైతే "గోడ ఉన్నప్పుడు మీరు ఎటు వైపు ఉండేవారు?" అని మర్యాదగా అడగండి. నేనైతే దాని తర్వాత "1990 తర్వాత మీ ఇంట్లో ఏం మారింది?" అని అడుగుతాను. గోడ కూలడం అంటే అందరికీ పండగే అని మనం అనుకుంటాం. ఆ రాత్రి పండగే. కానీ ఆ తర్వాత తూర్పులో ఫ్యాక్టరీలు వరసగా మూతపడ్డాయి, నలభై యాభై ఏళ్ళ మనుషులు ఉన్నట్టుండి పని లేనివాళ్ళయ్యారు, నేర్చుకున్న విద్యకి విలువ లేకపోయింది. ఒక తూర్పు బెర్లిన్ ఆవిడ మా గుంపుతో, వాళ్ళ నాన్న అప్పుడు ఉద్యోగం పోయి మళ్ళీ ఎప్పుడూ సరైన పని దొరక్కుండానే రిటైరయ్యారని చెప్పింది. గోడ మళ్ళీ కావాలని మాత్రం ఆవిడ ఒక్క మాట కూడా అనలేదు. అవకాశం ఉంటే రెండు టూర్లు తీసుకోండి, ఒకటి తూర్పులో పెరిగినవాళ్ళతో, ఒకటి పశ్చిమంలో పెరిగినవాళ్ళతో. ఒకే వీధి రెండు రకాలుగా వినిపిస్తుంది.

ష్టాజీ గురించి మాత్రం జాగ్రత్తగా అడగండి. 1989లో దానికి 90 వేలకి పైగా పూర్తికాలం ఉద్యోగులు ఉండేవారు, వాళ్ళు కాక రహస్యంగా సమాచారం ఇచ్చేవాళ్ళు వేరే. భార్య మీద భర్త, స్నేహితుడి మీద స్నేహితుడు చెప్పిన సంగతులు ఫైళ్ళలో బయటపడ్డాయి. "మీ ఇంట్లో ఎవరైనా అందులో ఉన్నారా?" అని పదిమందిలో అడగడం బాగుండదు. ఆ విషయం లోతుగా తెలుసుకోవాలంటే హోహెన్‌షోన్‌హావుజెన్ అనే పాత ష్టాజీ జైలుకి ఇంకో రోజు వెళ్ళండి. అక్కడ టూర్లు చేయించేవారిలో ఒకప్పుడు అదే జైల్లో ఉన్న ఖైదీలు కూడా ఉన్నారు, ఏళ్ళు గడిచేకొద్దీ అలాంటివాళ్ళు తగ్గిపోతున్నారు. చిన్నపిల్లల్ని తీసుకెళ్ళకండి.

టూర్ అయ్యాక మీ అంతట మీరు

భోజనం చేసి, పెద్దవాళ్ళు అలసిపోతే ఇంటికి వెళ్ళిపోండి, మిగతాది రేపు. ఓపిక ఉంటే రెండు దార్లు.

మొదటిది, ఎం10 ట్రామ్ ఎక్కి వార్షవర్ స్ట్రాసె దాకా వెళ్తే ఈస్ట్ సైడ్ గ్యాలరీ. నది పక్కన 1.3 కిలోమీటర్ల గోడ, 1990లో చిత్రకారులు బొమ్మలు వేసింది. కూర్చుని వెళ్ళొచ్చు కాబట్టి పిల్లలకీ పెద్దలకీ ఇదే సుఖం. ట్రామ్‌లో కిటికీ పక్కన కూర్చోండి. పశ్చిమ బెర్లిన్ తన ట్రాములన్నీ 1967కల్లా తీసేసింది, తూర్పు ఉంచుకుంది, అందుకే ఇప్పటికీ పట్టాలు ఎక్కువగా ఎటు ఉన్నాయో చూస్తే ఊరు ఎక్కడ విడిపోయిందో తెలుస్తుంది.

రెండోది, రైలెక్కి ఫ్రీడ్రిక్ స్ట్రాసె. స్టేషన్ పక్కనే గాజు అద్దాల హాలు, త్రేనెన్‌పలాస్ట్, అంటే కన్నీళ్ళ మహలు. పశ్చిమం నుంచి వచ్చిన చుట్టాలు తిరిగి వెళ్ళేటప్పుడు తూర్పువాళ్ళు ఇక్కడి దాకా వచ్చి సాగనంపేవారు, అవతలికి వెళ్ళే హక్కు లేదు కాబట్టి. ఇరుకు తనిఖీ గదులు అలాగే ఉంచారు, ఒకదాంట్లో నిలబడి తలుపు వేసి చూడండి. ప్రవేశం ఉచితం, సోమవారం మూసి ఉంటుంది. అక్కడి నుంచి బ్రాండెన్‌బుర్గ్ గేట్ నడక దూరమే. గేట్ వెనక రోడ్డు మీద రెండు వరసల రాళ్ళ గీత వెతకండి, దాని వెంటే పోట్స్‌డామర్ ప్లాట్జ్ దాకా, ఇంకా ముందుకు నీడర్‌కిర్ష్నర్ స్ట్రాసె దాకా వెళ్ళొచ్చు. అక్కడ సుత్తి దెబ్బలు తిన్న గోడ 200 మీటర్లు అలాగే ఉంది. దారిలో ఒక హెచ్చరిక: ఎర్ర రంగు వేసిన బాట సైకిళ్ళది. ఫోటో కోసం వెనక్కి అడుగు వేస్తూ దాని మీదికి వెళ్ళకండి, సైకిళ్ళు చాలా వేగంగా వస్తాయి.

చెక్‌పాయింట్ చార్లీ ఆ పక్కనే. చూడండి కానీ ఎక్కువసేపు ఉండొద్దు. ఆ తెల్ల గది నకలు, అసలుది మ్యూజియంలో ఉంది. 1961 అక్టోబర్‌లో అమెరికా, సోవియట్ ట్యాంకులు ఎదురెదురుగా నిలబడ్డ చోటు మాత్రం అదే. సరదాగా ముద్ర వేస్తామని ఎవరైనా అంటే పాస్‌పోర్టు ఇవ్వకండి, అధికారికం కాని ముద్ర పడితే రేపు ఇమిగ్రేషన్‌లో మీకే ఇబ్బంది. గిన్నెల కింద గోళీ ఎక్కడుందో చెప్పమనే జూదం దగ్గర ఆగకండి. దాని బదులు పక్క వీధి త్సిమ్మర్ స్ట్రాసెలోకి నడిచి పీటర్ ఫెక్టర్ స్తంభం వెతకండి. 1962 ఆగస్టు 17న, 18 ఏళ్ళ తాపీ పనివాడు, గోడ దాటబోతూ తూటా తగిలి దాదాపు గంటసేపు రెండు వైపులా జనం చూస్తుండగా అక్కడే పడి ఉండి, రక్తం పోయి చనిపోయాడు. అటువాళ్ళూ రాలేదు, ఇటువాళ్ళూ వెళ్ళలేకపోయారు. స్తంభం చుట్టూ ఎప్పుడూ పూలు ఉంటాయి, వీలైతే మీరూ ఒక పువ్వు పట్టుకెళ్ళండి.

చివరగా, సాయంత్రం: బోర్న్‌హోల్మర్ స్ట్రాసె

ఇది టూర్లలో చాలావాటిలో ఉండదు, నేను మాత్రం ఎవర్నీ ఇది చూపించకుండా పంపను. నోర్డ్‌బాన్‌హోఫ్ నుంచి రైల్లో ఉత్తరంగా మూడో స్టేషన్. మెట్లెక్కితే ఇనుప వంతెన మీదికి వస్తారు.

1989 నవంబర్ 9 సాయంత్రం తూర్పు జర్మనీ పాలక పార్టీ ప్రతినిధి గ్యుంటర్ షాబోవ్‌స్కీ విలేకరుల ముందు కొత్త ప్రయాణ నిబంధనల కాగితం చదివాడు. ఎప్పటి నుంచి అమలు అని అడిగితే కాగితాలు తిరగేసి "నాకు తెలిసినంతలో, వెంటనే" అనేశాడు. నిజానికి అమలు మర్నాటి నుంచి, అదీ వీసా కోసం దరఖాస్తు పెట్టుకున్నాక. టీవీలో వార్త విన్న జనం ఈ వంతెన దగ్గరికి వచ్చేశారు. వందలు వేలయ్యాయి. ఆ రాత్రి ఇక్కడ డ్యూటీలో ఉన్న అధికారి హరాల్డ్ యేగర్ పైవాళ్ళకి ఫోన్ల మీద ఫోన్లు చేశాడు, ఎవరూ సూటిగా సమాధానం చెప్పలేదు. పదకొండున్నర ప్రాంతంలో అడ్డుకర్ర తీయించేశాడు. ఆ రాత్రి తనిఖీలన్నీ ఆపేసి జనాన్ని వదిలిన మొదటి సరిహద్దు దారి ఇది.

వంతెన తూర్పు చివర కొంచెం గోడ ముక్క, పెద్ద ఫోటోలు ఉన్నాయి. ఏప్రిల్‌లో వస్తే కింద చెర్రీ చెట్లు పూసి ఉంటాయి, జపాన్ ప్రజలు చందాలు వేసుకుని పంపిన చెట్లు. గైడ్ ఉండరు కాబట్టి ఇక్కడ కథ మీరే చెప్పాలి, తూర్పు చివర నిలబడి చెప్పండి, చెప్పాక అందరూ కలిసి పడమర చివరికి నడవండి. రెండు నిమిషాలు కూడా పట్టదు. అమ్మ అవతలికి వెళ్ళి, ఏమీ అనకుండా, మళ్ళీ ఇవతలికి నడిచొచ్చింది.

తిరుగు ప్రయాణానికి రైలు వంతెన కిందే దొరుకుతుంది, పొద్దున కొన్న డే టికెట్ అప్పటికీ చెల్లుతుంది. నోర్డ్‌బాన్‌హోఫ్ మీదుగా వెళ్ళే బండి ఎక్కండి. ఆ స్టేషన్ వచ్చినప్పుడు రైలు ఆగుతుంది, పక్కన కూర్చున్న పెద్దవాళ్ళకి చూపించండి.